ఆకలి ఎవరిదవ్వా?

ఆ రోజుల్లో, అంటే ఎనభైల మొదట్లో, కరీంనగర్‌లో డిగ్రీ చదివే కుర్రాడికి గడ్డం ఉండి నోట మాట లేకపోతే చాలు, మేధావి అనేవారు. నాకు మేధస్సు సంగతి తెలియదు గానీ గడ్డం బాగానే వచ్చింది. మిగతాది నా గదిలో ఉండే మిత్రుడు నేర్పాడు. వాణ్ణి అందరం శూన్యం అని పిలిచేవాళ్ళం (ఏ చర్చనైనా ఆ మాటతోనే ముగించేవాడు). "ఎవరన్న ఏమన్న అడిగితే ఎంటనె జవాబియ్యకు. జరసేపు గోడ దిక్కు సూడు. ఆఖరికి ఎదురు ప్రశ్న ఎయ్యి. గంతే" అన్నాడు. ఆ విద్యలో ఆరితేరి దసరా సెలవులకు ఊరికి వెళ్ళాను.

"బిడ్డా, ఆకలైతుందా?" అంది అవ్వ (మా వైపు అమ్మను అవ్వ అనీ, నాన్నను బాపు అనీ అంటాం). నేను గోడవైపు చూసి, "ఆకలి ఎవరిదవ్వా?" అన్నాను. అవ్వ చేతిలోని గిన్నె అక్కడే పెట్టి, "ఏమయ్యో! పోరనికి ఏదో సోకినట్టున్నది!" అంటూ బాపు దగ్గరికి పరుగెత్తింది. ఎండుమిరపకాయలతో దిష్టి తీసింది. ఆ ఘాటుకు దగ్గు వచ్చింది గానీ నా గాంభీర్యం మాత్రం పోలేదు.

మర్నాడు ఆసిఫాబాద్ నుంచి మా మేనమామ దిగాడు. తన కూతుర్ని నాకిచ్చే మాట ఖాయం చేసుకోవడానికే వచ్చాడని ఇంట్లో అందరికీ తెలుసు. ఆ పిల్లంటే నాకెంత ఇష్టమో నాకొక్కడికే తెలుసు. "అల్లుడా, డిగ్రీ అయినంక ఏం జేద్దామనుకుంటున్నవ్?" అన్నాడు మామ. బుద్ధిగా జవాబు చెబుదామనే అనుకున్నాను, కానీ అలవాటైన మెడ తనంతట తానే గోడవైపు తిరిగింది. "చేసుడంటే ఏంది మామా?" అన్నాను. మామ కూడా కాసేపు ఆ గోడనే చూశాడు (బల్లి ఉందేమోనని కాబోలు). "బావా, పిలగానికి మంచిగ ఇనవడ్తదా?" అని బాపును మెల్లగా అడిగాడు. తర్వాత చాయ్ కూడా ముట్టకుండా సంచి అందుకుని, "మల్ల మాట్లాడుకుందాం తియ్యి" అంటూ బస్సుకు బయల్దేరాడు.

అప్పుడు దిగింది నా తత్వం. చెప్పులైనా వేసుకోకుండా పరుగెత్తాను. మామ అప్పటికే బస్సెక్కి కూర్చున్నాడు. కిటికీ ఊచలు పట్టుకుని, "మామా! బీఈడీ జేస్త, నౌకరి జేస్త, నీ బిడ్డను మంచిగ సూసుకుంట! నాకు చెవులు మంచిగనే ఇనవడ్తయ్!" అని ఒక్క ఊపిరిలో అరిచాను. బస్సంతా గొల్లున నవ్వింది. "పిల్లనిస్తవో లేదో జెల్ది చెప్పు పెద్దమనిషీ, బండి కదలాలె" అన్నాడు కండక్టర్. మామ మీసాల్లో నవ్వాడు. "గింత మంచిగ మాట్లాడొస్తది గదరా నీకు! ముందుగాల గా గడ్డం గీకించుకో. ముహూర్తం మేం సూస్తం."

గడ్డం ఆ సాయంత్రమే పోయింది. పెళ్ళి కూడా అయింది. ఇప్పుడు నా మాటలు ఎంత పెరిగాయంటే, "జరసేపు సప్పుడు చెయ్యకుండ ఉండరాదు" అని మా ఆవిడే బతిమాలుతుంది. ఆ గంభీరమైన కుర్రాడు ఎక్కడైనా ఎదురుపడితే పక్కన కూర్చోబెట్టుకుని చాయ్ తాగించాలని ఉంటుంది. లోపల ఏమీ లేదని ఎవరైనా కనిపెట్టేస్తారేమోనని, పాపం, ఎంత భయపడేవాడో!