బావ తెచ్చిన దొంగ నాణేలు

మా అక్కకీ నాకూ ఒక రాజ్యం ఉంది. దాని పేరు ఇక్కడ రాయను. ఇది బావ కూడా చదువుతాడు.

చిన్నప్పుడు తిరుపతిలో మేమున్న అద్దె ఇంటి మేడ మీద, నీళ్ల ట్యాంకు వెనక ఆ రాజ్యం మొదలైంది. అక్క రాణి, నేను ఖజానాదారు. మాకు ఎగిరే పడవలుండేవి. కొండ మీద మంచుకు కాపలా ఒక ముసలి రాక్షసి. పొద్దుగూకితే ఆమెకు మోకాళ్ల నొప్పులు. ఇలాంటివి ఎవరైనా కల్పిస్తారు. మా గొప్పంతా మా డబ్బులో ఉంది.

పగిలిన మట్టిగాజు ముక్కను కొవ్వొత్తి మంట మీద పట్టుకుంటే మెత్తబడుతుంది. రెండు కొసలూ కలిసేదాకా వంచితే చిన్న ఉంగరంలా తయారవుతుంది. అదే మా నాణెం. పచ్చది పెద్ద డబ్బు, ఎర్రది దాని తర్వాత, పసుపుది చిల్లర. చట్టం ఒక్కటే. గాజు దానంతట అది పగలాలి. కావాలని పగలగొట్టి చేసింది దొంగ నాణెం, తెచ్చినవాళ్లకు దేశబహిష్కారం. ఈ చట్టం మా తెలివేమీ కాదు. ఇంట్లో గాజు కావాలని పగలగొడితే అమ్మ చేతిలో వీపు విమానం మోత మోగేది.

అందుకే మా రాజ్యంలో డబ్బు పుట్టాలంటే ఎవరి చెయ్యో దేనికో తగలాలి. అమ్మ బట్టలుతికేటప్పుడు మేమిద్దరం బండ పక్కనే కూర్చునేవాళ్లం. అంతకంటే మంచి రాబడి తిరుచానూరు గాజులంగడిలో. అక్కది ఎముక చెయ్యి. అంగడామె సబ్బు రాసి, పిండి, ఒత్తి తొడిగినా ఒక్కటైనా పటుక్కుమనేది. అక్క కళ్లలో నీళ్లు, నేను కింద ముక్కలు ఏరుకోవడం. ఆ నీళ్లు కూడా రాజ్యం కోసమేనని నా నమ్మకం.

అక్క పెళ్లై కార్వేటినగరం వెళ్లింది. నెల తిరక్కుండానే ఒక రోజు ఫోన్‌లో అక్క గొంతు వెనకాల నుంచి బావ అరిచాడు. "ఖజానా ఎంతుండాది మరదలా?"

నా చెవులు వేడెక్కాయి. ఆ మాట నాకు, అక్కకు తప్ప లోకంలో ఎవరికీ తెలియదు. ఫోన్ పెట్టేసి బావ నంబరుకున్న పేరు తీసేశాను, 'శత్రుదేశం' అని పెట్టుకున్నాను. ఇప్పటికీ అలాగే ఉంది.

తర్వాత అక్క కడుపుతో ఉంది. ఏడో నెల్లో సీమంతం చేసి మా ఇంటికి పిలుచుకొచ్చాం. రెండు చేతులకూ మోచేతుల దాకా గాజులు. అక్క నడిస్తే ఖజానా నడిచినట్టు ఉండేది. పురుడు అయ్యేదాకా అక్క నాదేనని నేను సంబరపడుతుంటే, ఆదివారానికల్లా బావ బస్సు దిగాడు, చేతిలో మిఠాయి డబ్బాతో. దాన్ని అక్కకు ఇవ్వలేదు. నా ముందు పెట్టాడు.

"తీసి సూడు మరదలా. నీ ఖజానాకే."

డబ్బా నిండా నాణేలు. అన్నీ పచ్చవే. కొన్ని వంకర పోయాయి, కొన్ని మసిబారాయి.

"ఇన్ని యాడివి బావా?"

"పుత్తూరులో నాలుగు డజన్లు కొన్నా. గోనెసంచిలో ఏసి సుత్తితో ఒక్క పెట్టు పెట్టినా. కొవ్వొత్తి పనే కష్టం. ఇదో, వేలు కాలింది సూడు."

నేను నోరు తెరిచేలోపు అమ్మ కాఫీ గ్లాసుతో వచ్చింది. డబ్బాలోకి చూసింది. సుత్తి మాట విననే విన్నది. పెళ్లాం కడుపుతో ఉంటే గాజులు పగలగొట్టడం! అమ్మ మొహం ఎర్రబడింది. కానీ ఎదురుగా ఉన్నది అల్లుడు. ఆయన్ని ఏమీ అనలేక గిర్రున నా వైపు తిరిగింది.

"అంతా నీ వల్లనే! ఎద్దు మాదిరి పెరిగినావు, ఇంకా గాజుముక్కలాటా? సిగ్గుండాల!"

"సుత్తి పట్టుకునింది నేనా మా?"

"నోరు ముయ్యి." మళ్లీ అటు తిరిగి, "మీరు కాఫీ తాగండి, సల్లారిపోతాది."

బావ బుద్ధిగా కాఫీ తాగాడు. నా ఒళ్లు మండిపోయింది.

"అక్కా, చట్టం చెప్పు. దేశబహిష్కారం."

అక్క పొట్ట పట్టుకుని నవ్వుతోంది. "పాపం లేవే. వేలు కాల్చుకున్నాడు."

"చట్టంలో వేలు సంగతి లేదు."

"రాణిని నేను. చట్టం మారుస్తా."

నేను ఫోన్ తీసుకుని మేడ మీదికి వెళ్లిపోయాను. వేలితో ఫోన్ తెర పైకి తోస్తూనే ఉన్నాను, ఒక్క అక్షరం కంటికి ఆనలేదు. నేను ఇన్నేళ్లు ఒక్కొక్కటిగా ఏరిన డబ్బు. ఆయన ఒక్క సుత్తి దెబ్బకు నాకంటే ధనవంతుడైపోయాడు. పైగా రాణి ఆయన పక్షం.

మెట్ల మీద గాజుల చప్పుడైంది.

"ఎందుకెక్కినావే ఈ పొట్టతో!" అని కసిరాను.

అక్క ఆయాసపడుతూ నా పక్కన కూర్చుంది. "అన్నీ చెప్పినా ఆయనకి. పడవలు, రాక్షసి మోకాళ్లు, అన్నీ. పేరొక్కటి చెప్పలా."

"అడగలేదా?"

"దినామూ అడుగుతాడు. దానికి ఖజానాదారు ఒప్పుకోవల్ల అన్నా."

అక్క చెయ్యి పట్టుకుని జాగ్రత్తగా కిందికి దించాను. తర్వాత డబ్బా ముందు నిలబడ్డాను.

"పదికి ఒకటి."

"ఏంది?" అన్నాడు బావ.

"నీవి పదిస్తే మాది ఒకటి. ఇష్టముంటే తీసుకో."

"అన్యాయం మరదలా! ఐదు చెయ్యి."

"పదకొండు."

"సరే సరే, పదే!"

ఇప్పుడు అక్క పాపతో కార్వేటినగరంలో ఉంది. ఆదివారం పొద్దున బావకు మాత్రమే కనబడేలా స్టేటస్‌లో రేటు పెడతాను. అక్క తనంతట తాను ఫోన్ చేసిన వారం రేటు తగ్గుతుంది. "ఉండవే, మళ్లీ చేస్తా" అని మరిచిపోయిన వారం పెరుగుతుంది. పోయిన వారానికి ఎనిమిదికి దిగింది.

నిన్న వీడియో కాల్‌లో బావ కనబడ్డాడు, భుజాన పాప. పాప చేతిని ఫోన్ ముందుకు తెచ్చాడు. దిష్టికి వేసిన నల్లగాజుల్లో ఒక చేతికి ఒకటి తక్కువ.

"ఊయల కొయ్యకి తగిలి పగిలింది. దానంతట అదే. నేను ముట్టుకోలా, మీ అక్కే సాచ్చెం. ఇది అసలు డబ్బే గదా?"

అసలుదే. ఒప్పుకోక తప్పలేదు. పైగా నలుపు. మా ఖజానాలో నల్ల నాణెం ఎప్పుడూ లేదు. పాప చేతిది, మొట్టమొదటిది.

"ఆ ముక్క నాకు పంపు బావా."

బావ చొక్కా జేబు తట్టుకున్నాడు. "రాజ్యం పేరు చెప్పు, పంపిస్తా."

వెనకాల అక్క నవ్వు వినబడింది. ఫోన్ కట్ చేశాను. ఆదివారం దాకా ఆగలేదు, అప్పుడే స్టేటస్ మార్చాను.

పన్నెండుకి ఒకటి.