మీటరు తగ్గిన వరద

ఆఫీసులో అందరూ ‘రూళ్లకర్ర’ అని పిలిచే ఆ సర్వేయరుకు బురదంటే పడదు. వరదొస్తే వాగునీళ్లు ఎంతదాకా ఎక్కుతాయో లెక్కగట్టి పటం మీద ఎర్రగీత గీయడం ఆయన ఉద్యోగం. ఇరవై రెండేళ్లుగా చెప్పు తడవకుండా ఆ పని వెళ్లదీశాడు. వంతెన స్తంభం మీద అంకెలున్నాయి, కాపలావాడు చూసి రిజిస్టరులో రాస్తాడు, ఇక తాను ఎండలో పడి వెళ్లి చూసేదేముందని ఆయన ధీమా.

ఆ అంకెలే తప్పు. తొమ్మిదేళ్ల కిందట వంతెనకు మరమ్మతు చేసినప్పుడు పెయింటరు పాతవి చెరిపి కొత్తవి వేశాడు. స్తంభం అడుగున మీటరు మందాన ఇసుక మేట వేసి ఉంటే, తవ్వే ఓపిక లేక దాని పైనుంచే సున్నా మొదలుపెట్టాడు. అప్పటినుంచి నాలుగు మీటర్ల వరదొస్తే రిజిస్టరులో మూడే పడుతోంది. పటం ఇంకో వారంలో బయటికొస్తుందనగా రూళ్లకర్ర వంతెన పాత డ్రాయింగులోని కొలతలను మరమ్మతు కాగితాలతో సరిచూసి ఈ సంగతి కనిపెట్టాడు. చెబితే తొమ్మిదేళ్ల లెక్క తిరగరాయాలి. ఇన్నాళ్లూ ఏం వెలగబెట్టావని అడుగుతారు. డ్రాయింగు చుట్టి ఎక్కడిదక్కడ పెట్టేసి టీకి వెళ్లాడు.

పటం గోడకెక్కింది. అభ్యంతరాలుంటే నెలలోపు చెప్పమన్నారు. ఎర్రగీత దర్జీల వీధిదాకా రాకుండానే ఆగిపోయింది. ఆ వీధిలోనే ఆయన అక్క కొత్త ఇంటికి పునాది తవ్విస్తోంది.

ఆదివారం వెళ్లి, గొంతు తగ్గించి చెప్పాడు.

“అక్కా, ఇక్కడ కట్టకు. కట్టినా నాలుగడుగులు ఎత్తు లేపు.”

“ఇక్కడికి నీళ్లు రావని పటంలో ఉందిగా? గీసింది నువ్వేగా!”

“పటం సంగతి వేరులే.”

“వేరంటే ఏంట్రా?”

నసిగి నసిగి అంతా కక్కాడు. ఎవరితోనూ అనొద్దని ఒట్టు కూడా వేయించుకోబోయాడు.

అక్క చెయ్యి వెనక్కి లాక్కుంది. “తోడబుట్టినదానికి ఒక వరద, వీధిలోవాళ్లకి ఇంకో వరదా? పక్కింట్లో పచ్చి బాలింత నేలమీద పడుకుంటోందిరా!”

“నా ఉద్యోగం పోతుందే.”

“ఉండి మాత్రం ఏం ఊడబొడిచావు?”

మర్నాడు ఆమే ఆఫీసుకెళ్లి అర్జీ ఇచ్చింది. వంతెన దగ్గర సున్నా జరిగింది, టేపు పట్టి కొలవండి, అని రెండు ముక్కలు. తమ్ముడి ఊసెత్తలేదు. ఆ మాత్రం దయ చూపింది.

పటం గీసినవాడే అభ్యంతరాలకు జవాబివ్వాలన్నది ఆ ఆఫీసు పద్ధతి. దొంగనే దొంగతనం విచారించమన్నట్టుండే ఆ పద్ధతి మీద ఇంతవరకూ ఎవరికీ అభ్యంతరం రాలేదు. అర్జీ నేరుగా రూళ్లకర్ర బల్ల మీదికే వచ్చింది. కాసేపు పెన్ను మూత తీసి పెట్టి, తీసి పెట్టి కూర్చున్నాడు. తర్వాత తన గుండ్రటి చేతిరాతతో రాశాడు: “అర్జీదారుకు సాంకేతిక పరిజ్ఞానం లేదు. ఆధారాలు జతచేయలేదు. తిరస్కరించడమైనది.”

కవరు మీద చిరునామా మాత్రం అర్జీ చూడకుండానే రాశాడు.