చేటలో తెల్ల గవ్వ

నా చిన్నప్పుడు, 1962 మే ఆరో తేదీ ఆదివారం ఉదయం ఏడు గంటలకు, మా బడి అయ్యవారు తన ఇంటి అరుగు మీద ఒక విచారణ మొదలుపెట్టారు. చిల్లకూరుకు తూర్పున, సముద్రపు ఒడ్డున ఉన్న మా జాలర్ల పాళెంలో అప్పటికి పై చదువు చదివినవారు లేరు. అయ్యవారు మాత్రం వేరే ఊరివారు, కావలిలో చదువుకొని వచ్చినవారు. ఒక గ్రీకు తత్త్వవేత్త తన గురువుకు మరణశిక్ష పడిన వైనాన్ని రాసిపెట్టాడట. వేసవి సెలవుల్లో ఆయన ఆ రచనను ఇంగ్లీషులో చదివి మాకు తెలుగులో చెప్పేవారు.

ఆ ఉదయం మమ్మల్నే న్యాయనిర్ణేతలను చేశారు. ఒడ్డు నుంచి తెల్ల గవ్వలు, నల్ల ఆల్చిప్పలు ఏరి తెమ్మన్నారు. ఆ ముసలి గురువు ప్రశ్నలతో ఊరిని విసిగించాడనీ, కుర్రవాళ్ళను చెడగొట్టాడనీ తానే ఫిర్యాదిగా నిలబడి వాదించారు. నిర్దోషి అనుకుంటే తెల్లది, దోషి అనుకుంటే నల్లది చేటలో వేయాలి. మొదటివాడు నల్లది వేశాడు. రెండోవాడూ అదే వేశాడు. నా వంతు వచ్చేసరికి చేటంతా నలుపే. నేనూ నల్లదే వేశాను. పక్కింటి అక్క ఒక్కతే తెల్ల గవ్వ వేసింది.

ఎందుకు వేశావురా అని అయ్యవారు నన్ను అడిగారు.

"అందరూ ఏస్తా ఉంటే నేనొక్కణ్ణే ఏరేగా ఏస్తానా అయ్యవారూ?" అన్నాను. అందరూ నవ్వారు.

"బదులు చెప్పలేక మనిషిని చంపేసేదేంది అయ్యవారూ?" అన్నది అక్క.

అయ్యవారు ఆమెను మెచ్చుకున్నారు. మంచివాణ్ణి చంపడానికి చెడ్డవాళ్ళే అక్కరలేదని చెప్పారు. ఎంత గొప్ప మాట అనుకున్నాను.

ఆ సాయంత్రమే తెప్పల దగ్గర కులపెద్దలు కూర్చున్నారు. విచారణ అక్క తండ్రి మీద. గంపలు మోసి చేపలమ్మే ఆడవాళ్ళను పెద్దల సభకు ఎందుకు పిలవరని ఆయన పదేపదే అడుగుతూ వచ్చాడు. అదే నేరం.

"రేపట్నించి మనం గంపలెత్తుకుందాంలే. వీడి పెళ్ళాం తెప్పెక్కి వల ఏస్తాది," అన్నాడు పెద్దాయన. నవ్వులయ్యాక తీర్పు చెప్పారు. ఆయన కుటుంబం వెలి. ఎవరూ తెప్ప ఎక్కించుకోకూడదు, పలకరించకూడదు. పెద్దలు ఒక్కొక్కరే సమ్మతమన్నారు. ఆయనతో ఒకే తెప్ప మీద వేటకు పోయే మా తాతయ్య కూడా సమ్మతమన్నాడు.

అందరి వెనక నిలబడి ఉన్న అయ్యవారి దగ్గరకు అక్క వెళ్ళింది. "మీరన్నా చెప్పండి అయ్యవారూ. పొద్దున చెప్పినారు గదా."

ఆయన చూపు ఇసుకలోకి దించుకున్నారు. "ఇది మీ కట్టుబాటమ్మా. నేను బయటివాణ్ణి," అని ఇంటిదారి పట్టారు.

ఇంటికి వచ్చాక, అలా ఎందుకన్నావని తాతయ్యను అడిగాను.

"అందరూ సమ్మతమంటా ఉంటే నేనొక్కణ్ణే ఏరేగా అంటానా అబ్బయ్యా?" అన్నాడు.

అది ఉదయం నేనన్న మాటే. ఈసారి ఎవరూ నవ్వలేదు.

తరువాత నెల్లూరులో డిగ్రీ చదివేటప్పుడు ఆ రచనను మొదటి నుంచి చివరిదాకా చదివాను. ఆ గురువుకు శిక్ష వేసిన ఊరివాళ్ళు నాకు కొత్తగా అనిపించలేదు. వారిలాంటి మా తాతయ్య చేతిముద్దలు తిని పెరిగినవాణ్ణి నేను. నేటికీ ఏ సభలోనైనా ఏకగ్రీవం అన్న మాట వినబడితే, నాకు ఆ నల్లబడిన చేటే కనబడుతుంది.

అక్క కుటుంబం ఆ నెలలోనే పాళెం విడిచి, మనుబోలు వైపు పొలం పనులకు వెళ్ళిపోయింది. అయ్యవారి పాఠాలు సెలవులు ముగిసేదాకా జరిగాయి. అక్క చదువు ఆగిపోయింది. నా చదువు సాగింది.