ఆరు గంటల కూత

పావుగంట. పదేళ్లుగా నేను మోస్తున్నది అంతే. బరువెంతని అడిగితే, ఒక ఆడమనిషి బతుకంత.

చిత్తూరులో నేను పంచాంగం గుణించే సిద్ధాంతిని. నేను ఊ అంటే పెళ్లి, ఊహూ అంటే లేదు. డెబ్భైల చివర ఒక ఉగాదికి మా వరండాలో జనం కూర్చుని ఉండగా, రైతు మునిరత్నం కూతురు సులోచన నా కొత్త పంచాంగం తిరగేసి, ఒక ఏకాదశి ఘడియల్లో కూడిక తప్పిందని చూపించింది. తిరుపతిలో లెక్కలు చదువుతున్న పిల్ల. వినయంగానే చెప్పింది. తప్పు నాదే. ఉన్నమాటంటే ఉలుకెక్కువ అంటారు. అందరూ నవ్వారు, నేనూ నవ్వాను, లోపల మాత్రం కుతకుత ఉడికిపోయాను.

ఆ ఏడే ఆమెకు మంచి సంబంధం వచ్చింది. అబ్బాయికి ఒక్కడే తమ్ముడు, వాడంటే తల్లికి ప్రాణం. జాతకం నా దగ్గరికే తెచ్చారు. సులోచన పుట్టింది సత్యవేడులో, బియ్యం మిల్లు పొద్దున ఆరు గంటల కూత కూసినప్పుడు. అప్పటికి విశాఖ నక్షత్రం వెళ్లి అనూరాధ వచ్చి పది నిమిషాలైంది. పావుగంట వెనక్కి జరిపితే విశాఖ నాలుగో పాదం. ఆ పాదంలో పుట్టిన పిల్ల మరిదికి గండమని మావాళ్ల నమ్మకం.

జరిపాను.

"కూత కూసేటప్పుడే పుట్టినాది సామీ. నేను వాకిట్లోనే ఉండాను," అన్నాడు మునిరత్నం.

"ఆ మిల్లు గడియారం పావుగంట ముందు నడిచేదప్పా. నీకేం తెలుసు?"

"ఇంకోసారి సూడు సామీ. పాప ఆశ పెట్టుకోనుండాది."

"కాలాన్ని మార్చేది నా చేతిలో ఉండాదా అప్పా?"

నేనూ సత్యవేడు వాణ్ణే. మా నాయన తన గడియారాన్ని ఆ కూత వినే సరిచేసుకునేవాడు. రేడియోలో చెప్పే టైముతో పోల్చి చూసినా ఒక్క రోజు కూడా తేడా రాలేదు.

సంబంధం తప్పిపోయింది. రెండేళ్లకు ఆ తమ్ముడు పూతలపట్టు కూడలిలో లారీ గుద్ది చనిపోయాడు. ఆమె ఆ ఇంట్లో అడుగైనా పెట్టలేదు. అయినా, మాట అనుకున్నందుకే ఇంత జరిగితే చేసుకుని ఉంటే ఏమయ్యేదో అన్నారు జనం. నా మాటకు తిరుగులేదన్నారు. నా వాకిట్లో రద్దీ పెరిగింది, ఆమె వాకిలి మళ్లీ ఎవరూ తొక్కలేదు. నేను తేలు కుట్టిన దొంగలా నోరు మూసుకున్నాను.

నోరు విప్పితే ఏం పోయేది? నా పేరు. అంతేనా? అంతే. ఒక కూడిక సరిదిద్దిన పాపానికి ఆమె పుట్టుకనే తప్పుగా రాసిన నాకు, ఆ పేరు మీద ఇంకా అంత మమకారం ఎందుకు? సిగ్గుగా ఉంది, కానీ ఉంది.

ఆమె ఇప్పుడు ఇక్కడే బడిలో లెక్కలు చెబుతోంది. మొన్న బస్టాండులో ఎదురుపడి నమస్కారం పెట్టింది. తన నక్షత్రం తానే గుణించుకోగల మనిషి. గుణించుకుందా? నా మాట నమ్మి, తన లెక్కలోనూ ఆ పావుగంట తీసేసిందా? ఆమె నన్ను ద్వేషిస్తే బాగుండును. నమ్మిందేమోనన్న అనుమానమే నన్ను తినేస్తోంది.

క్షమించమని ఇది చదివే మిమ్మల్ని అడగను, క్షమించాల్సింది మీరు కాదు. ఇన్నాళ్లకు ఒక లెక్క సరిచేసి పెడుతున్నాను. అంతవరకే నాకు ధైర్యం.

ఆ రోజు కూత సరిగ్గా ఆరింటికే కూసింది. సులోచనది అనూరాధ.