వెనుక డెక్కు మీద ఎత్తిన పిడికిలి

దయ్యాలను నేను నమ్మను. రశీదు లేని ఖర్చునే ఒప్పుకోని అకౌంట్స్ ఆఫీసరును. ఆనవాలు లేని ఆత్మను ఎలా ఒప్పుకుంటాను? ఏ రోజు సంగతి ఆ రోజే డైరీలో రాసుకోవడం నాకు పెళ్ళికి ముందు నుంచీ ఉన్న అలవాటు. ఇది ఆ డైరీని పక్కన పెట్టుకొని రాస్తున్నది. నేను చూసినది వేరుగా, ఇతరులు చెప్పినది వేరుగా చెబుతాను.

మా తమ్ముడు శ్రీశైలం బాలానగర్‌లో ఇనుప రేకులు వంచే ప్రెస్సు మిషన్ల షెడ్డులో పని నేర్చుకొని, ఆ పనితనంతోనే సముద్రం మీదికి వెళ్ళాడు. టగ్గులో డెక్కు పని. ఇంజను ఆగిపోయి రాళ్ళ వైపు కొట్టుకుపోతున్న పెద్ద ఓడలకు తుఫానులోనే ఎదురెళ్ళి, ఉక్కు తాడు తగిలించి లాక్కొచ్చే నౌక అది. ఓడ దక్కితేనే డబ్బు, లేకపోతే లేదు.

"సడక్ మీద లారీ ఆగిపోతే గుంజుకపోయే బండి ఉంటది సూడక్కా, గట్లనే మాది. కాకపోతే మా సడక్కే ఎగురుతది" అని నవ్వేవాడు.

వాడి ఎడమ మోచేయి పూర్తిగా సాగదు. చిన్నప్పుడు బోరబండలో సైకిలు మీంచి పడితే ఎముక వంకరగా అతుక్కుంది. ప్రెస్సుల చప్పుడులో మాట వినబడదు గనుక షెడ్డులో "ఆగు" అనడానికి పిడికిలి ఎత్తేవారు. కుడిచేతిలో పనిముట్టు ఉండేది గనుక వాడు ఎప్పుడూ ఆ వంకర చెయ్యే ఎత్తేవాడు. ఇంట్లో బీరువా జరిపేటప్పుడు కూడా ఆ పిడికిలి దిగేదాకా మేమెవ్వరమూ కదలడానికి వీల్లేదు.

అలాంటివాడు ఏ సైగా చేయకుండా తాడు దారిలో నిలబడ్డాడని, స్వీయ నిర్లక్ష్యంతో చనిపోయాడని వాడి కెప్టెన్ నివేదిక రాశాడు. బిగిసిన తాడు తెగి, కొరడాలా వెనక్కి వచ్చి, రెండు కాళ్ళనూ మోకాళ్ళ కింద కొట్టింది. ఒడ్డు చేరేలోపే నెత్తురంతా పోయింది. ఆ సమయంలో వెనుక డెక్కు మీద ఉన్నది వాడొక్కడే. పైనుంచి వాణ్ణి చూస్తూ, తాడు లాగే యంత్రాన్ని నడిపింది కెప్టెన్ ఒక్కడే.

దినవారాల నాడు మా మరదలు సుజాత నా చెయ్యి పట్టుకుంది. "షెడ్డుల అందరి ముంగట ఆయన తప్పే అని సదివిండ్రు వదినా. నాకింకేం వద్దు. ఆ ఒక్క మాట వాపస్ దీస్కొమ్మను."

తీసుకొనేదాకా ఆ మనిషిని వదలనని ఆనాటి పేజీలో రాసుకున్నాను.

కొన్నేళ్ళకు ఆ మనిషే మా ఆఫీసుకు వచ్చాడు. నానక్‌రామ్‌గూడలో మాది సాఫ్ట్‌వేర్ సంస్థ. టగ్గు సిబ్బందికి శిక్షణ ఇవ్వడానికి, గోడల నిండా సముద్రాన్ని చూపించే గది ఒకటి తయారుచేసే పని మాకు దొరికింది. సలహాదారుగా కెప్టెన్ భాస్కరరావు కుదిరాడు. "నమస్కారమండీ, కాఫీ అయిందాండీ?" అని రోజూ పలకరించేవాడు. మా తమ్ముడి ఇంటిపేరు వేరు, నాది వేరు. నేనెవరో ఆయనకు తెలియదు; నేనూ చెప్పలేదు. ఆయన క్యాబ్ రశీదులను ఏదో ఒక లోపం చూపి తిప్పి పంపేదాన్ని. నా పగకు అంతకు మించి చెయ్యి అందలేదు.

ఆషాఢంలో ఒక గురువారం, పగటిపూట, ఆ గదిని మొదటిసారి నడిపి చూపించారు. ముందు వరుసలో టగ్గుల యజమానుల ప్రతినిధులు. చివరి వరుసలో నేను, నా పక్కన ఆ బొమ్మలన్నీ తయారుచేసిన హారిక. తెర మీద ఎగిసిపడే అలలు, దూరంగా దిక్కులేని ఓడ, దగ్గరగా టగ్గు వెనుక డెక్కు. దాని మీద నారింజరంగు జాకెట్టుతో ఒక మనిషి బొమ్మ. కథ కెప్టెన్ నివేదికలో ఉన్నదే: బొమ్మ తాడు దారిలో నిలబడుతుంది, తాడు తెగుతుంది, నిర్లక్ష్యం ఫలితం ఇదని ఆయన వివరిస్తాడు.

కెప్టెన్ తాడు లాగే మీట మీద చెయ్యి వేశాడు. బొమ్మ వెనక్కి తిరిగి, ఎడమచెయ్యి పైకెత్తి, పిడికిలి బిగించింది. మోచేయి పూర్తిగా సాగలేదు.

నేను హారిక వైపు తిరిగాను. హారిక మాత్రం మామూలుగానే తెరను చూస్తోంది. ముందు వరుసలోనూ కదలిక లేదు. కెప్టెన్ మెడ వెనుక చెమట కారడం నాకు స్పష్టంగా కనిపించింది. ఆయన మీట లాగలేదు. పిడికిలి దిగలేదు.

"చెయ్యి దించరా శ్రీశైలం!" అని ఒక్కసారిగా అరిచాడు. "ఆరోజూ ఇంతే! నువ్వు ఆగమంటే నేను ఆగాలా? ఓడ రాళ్ళెక్కితే మనకు దక్కేదేమిటిరా?"

అరుస్తూనే మీటను చివరిదాకా లాగేశాడు. తెర మీద తాడు తెగింది. చదునైన తివాచీ మీద నిలబడ్డ మనిషి నిలువునా కూలిపోయాడు.

ఆ గదిలో తాడు లేదు, తీగ లేదు. ఆయన రెండు కాళ్ళ ఎముకలూ మోకాళ్ళ కింద ఒకే ఎత్తున విరిగాయి. చర్మం మీద పురులు పురులుగా ఉక్కు తాడు అచ్చు పడింది. ప్యాంటు మాత్రం చిరగలేదు. ఏ కేబుల్ తగిలిందని డాక్టర్ మమ్మల్నే అడిగాడు.

హారిక మరునాడు ఆ రికార్డింగు వేసి చూపించింది. బొమ్మ చేతులు రెండూ కిందికే ఉన్నాయి.

"చెయ్యెత్తే మూవ్‌మెంటే దానికి పెట్టలేదు మేడమ్" అంది. "నేను పెడతానన్నా, సారే వద్దన్నారు."

కెప్టెన్ గొంతు మాత్రం అందులో మాట మాటా స్పష్టంగా ఉంది. ముందు వరుసలో ఉన్నవాళ్ళు దాన్ని తీసుకువెళ్ళారు. నివేదిక మారింది: ఆగమని సైగ చేశాడు, కెప్టెన్ లెక్కచేయలేదు. సుజాత ఆ కాగితాన్ని బాలానగర్ షెడ్డులో మిషన్లన్నీ ఆపించి చదివింది.

తరువాత నేను ఆసుపత్రికి వెళ్ళి, నేనెవరో చెప్పాను. కెప్టెన్ ఆశ్చర్యపోలేదు. ఆయన చూపు తన కాళ్ళకు ఎదురుగా ఉన్న గోడ వైపే ఉంది.

"మీరైనా చెప్పండమ్మా, చెయ్యి దించమని" అన్నాడు. "నేను లేవబోయినప్పుడల్లా ఎత్తుతున్నాడు."

అటు చూశాను. నాకు ఖాళీ గోడే కనిపించింది.

"ఆగమంటుండు సార్" అన్నాను. "ఈసారన్న ఆగుండ్రి."

ఎముకలు ఎప్పుడో అతుక్కున్నాయట. ఆయన మాత్రం ఇంకా నిలబడలేదట. కారణం డాక్టర్లకు తెలియదు, నాకూ తెలియదు. ఆ గురువారం పేజీ ఎన్నిసార్లు చదివినా తేలదు. చెయ్యి దించమని మా తమ్ముడికి నేనింతవరకు చెప్పలేదు.