స్కేలక్క చెంప, స్కేలక్క గుండె

బస్సుల మరమ్మతు షెడ్డులో ఆమెను అందరూ స్కేలక్క అంటారు. స్ప్రే గన్ను పట్టుకుని బస్సు ఈ కొస నుంచి ఆ కొస దాకా ఆమె రంగు పట్టీ వేస్తే వెంట్రుకవాసి తేడా దొరకదు. ఊడ్చే పనిలో చేరి, గరుకు కాగితంతో తుప్పు గీకే పనికి ఎక్కి, అక్కణ్ణుంచి పెయింట్ బూత్‌లోకి అడుగుపెట్టడానికి ఆమెకు పంతొమ్మిదేళ్ళు పట్టింది. ఆమెను అందులోంచి బయటికి పంపడానికి మాత్రం మూడు వారాలు చాలేటట్టున్నాయి.

ఆ మూడు వారాల్లో ఆమె మూడుసార్లు కళ్ళు తిరిగి పడిపోయింది. మొదటిది కొత్త రబ్బరు మాస్కులు వచ్చిన రోజున. మేస్త్రీ అక్కడికక్కడే తీర్పు చెప్పేశాడు: మాస్కు వదులుగా ఉంది, పెయింటు వాసన లోపలికి పోతోంది. పట్టీలు తానే బిగించాడు. రెండోసారి పడితే మరింత బిగించాడు. మూడోసారి పడేసరికి, ఇంకా ఎక్కడో సందుందని తల గోక్కున్నాడు.

"అన్నా, నువ్వు బిగించేకొద్దీ నేను తొందరగా పడుతున్నాను. గమనించావా?"

"నేను మొత్తుకునేదీ అదేనమ్మా! వాసన అంత ఘాటుగా ఉంది."

గోడకు చెప్పుకున్నా ఇంతకంటే మేలనిపించింది ఆమెకు.

ఇంట్లోనూ అదే తంతు. దర్జీ పని చేసే భర్త రక్తం తక్కువన్నాడు. ఆడపడుచు గ్యాస్ అంది. అత్తగారు, ఈ పిల్ల ఏనాడు కుదురుగా తిన్నది గనక అని తేల్చేసింది. షెడ్డు డాక్టరు ఛాతీకి తీగలు తగిలించి ఈసీజీ తీసి, అంతా బాగానే ఉందని చెప్పి, కాగితం మీద మాత్రం 'గుండె జబ్బు అనుమానం' అని రాశాడు. మంగళవారం మేనేజరు ఆమె పని అర్హత ఫారం పూర్తిచేస్తాడట. అందులో గుండె జబ్బు అని పడితే బూత్ తలుపు ఆమెకు శాశ్వతంగా మూసుకున్నట్టే.

ఆదివారం మధ్యాహ్నం ఆమెకు ఓపిక నశించింది. సంచిలోంచి మాస్కు తీసి, కిటికీలన్నీ బార్లా తెరిచి, కుర్చీలో కూర్చుంది.

"ఈ ఇంట్లో పెయింటు చుక్క ఉందా?"

"లేదు," అన్నాడు భర్త, కుట్టు మిషన్ ఆపి.

"మరైతే ఇలా వచ్చి నా నాడి పట్టుకోండి. గడియారం చూస్తూ లెక్కపెట్టండి."

మాస్కు లేకుండా అర నిమిషానికి ముప్ఫై ఎనిమిది. ఆమె మాస్కు తగిలించి, మేస్త్రీ బిగించినంతగా బిగించింది. రెండేళ్ళ క్రితం బస్సు డిక్కీ తలుపు తగిలి విరిగిన ఎడమ చెంప ఎముక మీద రబ్బరు అంచు ఒత్తుకుంది.

"పది... పదకొండు... ఏమే, ఇదేంటి ఆగి ఆగి కొడుతోంది? అమ్మా! నీళ్ళు!"

అత్తగారు ఫ్రిజ్‌లోని సీసాతో పరుగున వచ్చేసరికి కోడలు మాస్కు లాగేసి, కుర్చీ చేతులు పట్టుకుని, చెమటలు కక్కుతోంది.

"నీళ్ళు వద్దత్తయ్యా! లెక్క ఎంతయిందో చెప్పమనండి!"

"ప్రాణం మీదికొస్తే లెక్కలేంటే నీకు?" అంటూనే ఆవిడ సీసా మొత్తం మొహాన కుమ్మరించింది.

మర్నాడు ఆమె షెడ్డు డాక్టరును దాటేసి, చెంప ఎముక అతికించిన డాక్టరమ్మ దగ్గరికి వెళ్ళింది. జరిగినదంతా విని డాక్టరమ్మ చెంపకు ఎక్స్‌రే తీయించి, ఆమెను మంచం మీద పడుకోబెట్టి, ఛాతీకి తీగలు తగిలించి, ఎడమ చెంప మీద ఒకే చోట వేలితో నొక్కింది. టిక్ టిక్ మంటున్న యంత్రం నడుమ నడుమ టిక్కులు మింగేయడం మొదలుపెట్టింది. వేలు తీయగానే మళ్ళీ దారిలో పడింది.

"మొహం మీది స్పర్శను మెదడుకు చేరవేసే నరం ఒకటుందమ్మా. దాన్ని గట్టిగా ఒత్తితే, గుండెను నెమ్మదించమనే మరో నరానికి మెదడు అడుగు నుంచి కబురు వెళ్తుంది. ఆ దారి అందరిలోనూ ఉంటుంది. నీకు అప్పుడు వేసిన ప్లేటులో ఒక స్క్రూ వదులై, ఆ నరాన్ని ఒరుసుకుంటోంది. అందుకే కాస్త ఒత్తిడికే ఇంత. మొహాన చన్నీళ్ళు కుమ్మరించినా గుండె నెమ్మదిస్తుంది. ఆ వైద్యం మాన్పించు."

"అయితే గుండెకు జబ్బు లేదా?"

"నిక్షేపంలా ఉంది. చెప్పిన మాట మరీ ఎక్కువగా వింటోంది, అంతే."

"మా ఇంట్లో మాట వినేది అదొక్కటేనండీ."

స్క్రూ తీయడానికి చిన్న ఆపరేషను. ఆ తర్వాత ఆరు వారాల విశ్రాంతి. అంతవరకూ మాస్కు ముట్టుకోకూడదు. డాక్టరమ్మ ఉత్తరం రాసిచ్చింది.

మంగళవారం మేనేజరు ఆ ఉత్తరాన్ని అటూ ఇటూ తిప్పి చూశాడు.

"అంటే తప్పు మాస్కుదన్నమాట. మాస్కు లేకుండా రంగు వెయ్యి, గొడవ వదిలిపోతుంది."

"ఊపిరితిత్తులు మీరిస్తారా సార్?"

"సరేలే. గుండె నెమ్మదిస్తోందని నువ్వే అంటున్నావుగా? గుండె జబ్బు అని రాస్తాను."

"గుండె కాదు సార్, చెంప. లోపలి స్క్రూ."

"ఫారంలో గడులు మూడే ఉన్నాయమ్మా. గుండె, ఊపిరితిత్తులు, మానసికం. చెంప ఎక్కడుందో నువ్వే చూపించు."

ఆమె కుర్చీ లాక్కుని కూర్చుంది. ఇన్నేళ్ళలో ఆ గదిలో ఆమె కూర్చోవడం అదే మొదటిసారి.

"లేకపోతే నాలుగో గడి గీయండి. మీ ఫారంలో చోటు లేదని నా జబ్బును గుండెకు మార్చుకోమంటే నావల్ల కాదు. సంతకం పెట్టను."

"పై ఆఫీసువాళ్ళు నన్ను తినేస్తారు."

"వాళ్ళు మిమ్మల్ని ఒక్కరోజు తింటారు. మీరు గుండె అని రాస్తే నా పనిని జీవితాంతం తింటారు."

మేనేజరు గోడ గడియారం వైపు చూశాడు, తలుపు వైపు చూశాడు. ఆమె కదలలేదు. చివరికి గొణుక్కుంటూ కలం మూత తీసి, మూడు గడుల కింద రాశాడు: 'ఎడమ చెంప ఎముకలో వదులైన స్క్రూ. గుండె జబ్బు లేదు. స్క్రూ తీసి, డాక్టరు సరేనన్నాక పెయింట్ బూత్ పనికి అర్హురాలు.'

ఆమె రెండుసార్లు చదివింది.

"దీని కింద మీ సంతకం పెట్టండి సార్. ముద్ర కూడా వేయండి."

"ముద్ర కూడానా!"

"ముద్ర కూడా," అంది ఆమె, ఇంకుప్యాడ్ ఆయన ముందుకు జరిపి.