ఇబుకి పాట

కురొజుమి హిసాషికి మాట్లాడటం రాదని లాండ్రీలో అందరూ అనేవారు. అది అబద్ధం. అతనికి మాటలు వచ్చు, వినేవాళ్లే లేరు. పొద్దుటి నుంచి సాయంత్రం దాకా ఆవిరి ఇస్త్రీ పెట్టె ముందు నిలబడి ఊళ్లోవాళ్ల తెల్ల చొక్కాలు నున్నగా చేస్తాడు. ఇంటికి వెళ్తూ దారిలో ఒక గిన్నెడు ఉదోన్ నూడుల్స్ నిలబడే జుర్రుకుంటాడు. తలుపు తీసి "వచ్చాను" అంటాడు. ఆ ఇంట్లో జవాబు చెప్పే మనిషి పోయి మూడేళ్లు దాటినా ఆ మాట అనడం మాత్రం మానలేదు. మనిషి పోయినంత సులువుగా అలవాటు పోదు కదా.

ఆదివారం వస్తే మాత్రం అతను వేరే మనిషి. తకమత్సు ఊరి బేస్‌బాల్ జట్టు పేరు హెరన్స్, అంటే కొంగలు. పేరుకు తగ్గట్టే పట్టికలో అడుగున, బురదలో ఒంటికాలి మీద నిలబడే జట్టు. స్టేడియంలో కుడి వైపు మెట్ల మీద కొంగల అభిమానుల మేళం ఉంటుంది. రెండు పెద్ద డప్పులు, ఆరు ట్రంపెట్లు, ముందు నిలబడి చేతులు ఊపే నాయకురాలు. హిసాషి చేతికి మేళం పట్టీ కట్టుకుని, నీలం చొక్కా తొడుక్కుని, ట్రంపెట్ పట్టుకుని రెండో వరసలో నిలబడతాడు. పక్కనే డప్పు కొట్టేది తొబిటా. చేపల బజారులో వేలంపాట పాడే గొంతు అతనిది, హిసాషికి బడి నాటి నేస్తం.

"ఏరా, ఆరు రోజులు దాచుకున్న ఊపిరి మొత్తం ఇవాళే ఊదేస్తావా? రేపటికి కొంచెం ఉంచుకో, చచ్చిపోగలవు" అని తొబిటా ప్రతి ఆదివారమూ అదే ఎకసెక్కం ఆడేవాడు. హిసాషి ప్రతి ఆదివారమూ నవ్వేవాడు. వారం మొత్తంలో అతను నవ్వేది అప్పుడే.

ఈ మేళానికి ఒక పద్ధతి ఉంది. తమ జట్టు ఆటగాడు బ్యాటు పట్టుకుని వచ్చినప్పుడు అతని కోసం కట్టిన పాటే వాయించాలి. ఒక్కొక్కరికి ఒక్కో పాట. అవతలి జట్టు బ్యాటింగ్‌కి వస్తే డప్పు మూగబోవాలి, ట్రంపెట్ ఒళ్లో పడుకోవాలి. అప్పుడు అవతలి మెట్ల మీదివాళ్లు వాయించుకుంటారు. అది రాసిపెట్టిన రూలు కన్నా పెద్దది, మర్యాద. ఇంటికొచ్చిన అతిథి మాట్లాడుతుంటే మధ్యలో దూరని మర్యాదే ఇది కూడా. ఆటగాడు జట్టు మారిపోతే అతని పాట కూడా అతనితోనే పోతుంది. ఇక ఎవరూ వాయించరు. మరీ మంచి బాణీ అయితే, మాటలు మార్చి కొత్త కుర్రాడికి ఇస్తారు.

హిసాషి జీవితంలో ఒక్క పాటే కట్టాడు. అది ఇబుకి పాట.

ఇబుకి పెద్ద ఆటగాడు కాడు. జట్టులో అతనిది తుమ్మితే ఊడే ముక్కులాంటి చోటు. ఆట చివర్లో, ఇంకెవరూ మిగలనప్పుడు, ఒక్క బ్యాటింగ్ కోసం పంపేవారు. అటువంటివాడికి పాట కట్టే తీరిక ఎవరికి? ఉత్త డప్పు కొట్టి సరిపెట్టేవారు. ఆ రోజుల్లోనే హిసాషి భార్య సుమియె ఆసుపత్రిలో పడింది. కాపురానికి వచ్చిన దగ్గర్నుంచీ ఆదివారాలన్నీ ఈ ఆట తినేసిందని సణిగిన మనిషి, మంచం మీద పడ్డాక చెవిలో రేడియో పెట్టుకుని వినడం మొదలుపెట్టింది. ఆరు ట్రంపెట్లలో తన మొగుడిది ఏదో ఆమెకు తెలిసిపోయేది.

"ఏమండీ, నిన్న ఐదో పాటలో మీరు వెనకబడ్డారు" అనేది.

"దగ్గు వచ్చిందే."

"దగ్గు కాదు, బీరు. నాకు తెలీదేంటి? సరే గానీ, చివర్లో ఎవరో కుర్రాడొచ్చాడు. వాడికి పాటే లేదు. ఉత్త డప్పేనా? పాపం, దిక్కులేనివాడిలా."

"వాడు రేపుంటాడో ఉండడో తెలీదు. వాడికెందుకు పాట?"

"రేపుంటామో లేదో తెలీనివాళ్లకే కదండీ పాట కావాలి" అంది సుమియె. హిసాషి కిటికీ వైపు తిరిగిపోయాడు.

ఆ వారమంతా లాండ్రీ నుంచి రేవు గట్టు మీదికి వెళ్లి, సముద్రంలోకి ఊదుతూ బాణీ కట్టాడు. అద్దె ఇంట్లో ట్రంపెట్ ఊదితే పక్కింటివాళ్లు ఊరుకోరు మరి. మాటలు సుమియె కట్టింది.

"వానొస్తే రానీ, ఇబుకీ, ఒక్క బంతి చాలు,
నీ కోసం ఒకరం కూర్చునే ఉన్నాం."

రెండు చరణాలకూ మధ్య రెండు దెబ్బలంత ఖాళీ పెట్టమన్నది కూడా ఆమే. ఇబుకికి ఒక అలవాటు ఉంది. బంతి కోసం సిద్ధమయ్యే ముందు కాళ్ల దగ్గరి తెల్ల పలకను బ్యాటుతో రెండుసార్లు తడతాడు. రేడియోలో ఆ సంగతి చెప్పగా ఆమె పట్టేసింది. "అక్కడ మీరు ఊదకండి. వాడిని తట్టనివ్వండి" అంది. మొదటిసారి ఆ పాట స్టేడియంలో మోగిన రోజున, ట్రంపెట్లు ఆగిన ఖాళీలో ఇబుకి టక్, టక్ అని తట్టాడు. జనం కేరింతలు కొట్టారు. ఆసుపత్రిలో సుమియె నర్సును పిలిచి మరీ చెప్పుకుందట.

ఆకులు రాలే కాలానికి ఆమె పోయింది. పాట మిగిలింది. తర్వాత మూడేళ్లు ఇబుకి బ్యాటు పట్టినప్పుడల్లా హిసాషి కళ్లు మూసుకుని ఊదేవాడు. ఆ కాసేపు అతను ఒంటరివాడు కాదు. మిగతావాళ్లకు అది పాట, అతనికి కాపురం.

పోయిన చలికాలంలో కొంగల యాజమాన్యం ఇబుకిని నీగాటా జట్టుకు ఇచ్చేసింది. పేపర్లో చిన్న ముక్కగా వచ్చింది. తొబిటా డప్పు తోలు బిగిస్తూ, "చచ్చినవాడి కళ్లు చారెడు. ఉన్నన్నాళ్లూ వాడి పేరెత్తినవాడు లేడు, ఇప్పుడందరూ అయ్యో ఇబుకి అంటున్నారు" అన్నాడు.

వసంతంలో మేళం నాయకురాలు రియో అతన్ని పక్కకు పిలిచింది. పగలంతా పళ్ల డాక్టరు దగ్గర సహాయకురాలిగా పనిచేసే పిల్ల. నోరు తెరవమని మెత్తగా చెప్పడం ఆమెకు అలవాటు.

"బాబాయ్, కొగురె అని కొత్త కుర్రాడొచ్చాడు కదా. ఇబుకి బాణీ వాడికిస్తే బావుంటుందని అందరూ అంటున్నారు. మాటలు మేం మారుస్తాం. మీరు ఊ అంటేనే."

"వద్దమ్మా."

"అలా అంటే అది ఇంక ఎప్పటికీ మోగదు బాబాయ్."

"మోగకపోతే పోనీ."

ఆమె మళ్లీ అడగలేదు. తొబిటా మాత్రం ఊరుకోలేదు. "తను తినడు, ఇంకొకళ్లని తిననివ్వడు. పాటని పెట్టెలో పెట్టి తాళం వేసుకో, పిల్లల్ని పెడుతుంది" అన్నాడు. మాటలు మారిస్తే సుమియె నోరు మూసినట్టవుతుందని అతనికి ఎవరు చెప్పాలి?

జూన్‌లో ఒక ఆదివారం మధ్యాహ్నం నీగాటా జట్టు తకమత్సు వచ్చింది. వానాకాలం కదా, మబ్బు పట్టి గాలి ఆడటం లేదు. కొంగలు ఒక్క పరుగు ముందున్నారు, ఆట చివరికొచ్చింది. నీగాటా వంతు. కొంగల మెట్లన్నీ నిశ్శబ్దం. హిసాషి ట్రంపెట్ మోకాలి మీద పెట్టుకుని చెమట తుడుచుకుంటున్నాడు. అప్పుడు మైకులో ఆడగొంతు పలికింది. "బ్యాటరు మార్పు. ఇబుకి."

ఆ గొంతు అదే, ఆ పేరు అదే, ఆట చివరి ఆ వేళ కూడా అదే. చేతులు వాటంతట అవే లేచాయి. పెదవులకు ట్రంపెట్ తగిలింది. "వానొస్తే రానీ, ఇబుకీ" అన్న మొదటి చరణం ఆ నిశ్శబ్దంలో ఒంటరిగా, నిఖార్సుగా మోగిపోయింది. రెండు దెబ్బల ఖాళీ వచ్చింది. హిసాషి అలవాటుగా ఆగాడు.

మైదానంలో ఇబుకి, బూడిద రంగు పరాయి చొక్కా వేసుకున్న ఇబుకి, వంగి పలకను టక్, టక్ అని తట్టాడు. తట్టాక గానీ తెలివి రాలేదు అతనికీ. బ్యాటు పట్టుకుని అలాగే కుడి వైపు మెట్ల మీదికి చూస్తూ నిలబడిపోయాడు.

హిసాషి కళ్లు తెరిచాడు. ఐదు ట్రంపెట్లూ ఒళ్లో పడుకునే ఉన్నాయి. వేల ముఖాలు తన వైపు తిరిగి ఉన్నాయి. "ఎవడ్రా వాడు? ఎవరి తిండి తిని ఎవరికి ఊదుతున్నాడు?" అని కింద వరసలోంచి ఒక గొంతు లేచింది. అవతలి మెట్ల మీద నీగాటావాళ్లు తమ పాట అందుకున్నారు. అదేదో హుషారు పాట, ఖాళీయే లేదు అందులో. ఇబుకి మూడు బంతులకూ గాలినే కొట్టి, అవుటై తల వంచుకుని వెళ్లిపోయాడు. కొంగలు గెలిచారు. గెలిచిన రోజున కూడా హిసాషి వైపు ఎవరూ చూడలేదు. ఒకరిద్దరు చూసినా, చూడకుండా ఉంటేనే నయం అనిపించేలా చూశారు.

కాలు జారితే తీసుకోవచ్చు గానీ నోరు జారితే తీసుకోలేం. ఊపిరి జారినా అంతే.

మెట్లు ఖాళీ అయ్యాక రియో వచ్చి పక్కన కూర్చుంది. కళ్లు ఎర్రగా ఉన్నాయి. "కావాలని చేయలేదని నాకు తెలుసు బాబాయ్. కానీ నీగాటా మేళం వాళ్లకి నేను వెళ్లి తల వంచి వచ్చాను. పద్ధతి పద్ధతే కదా."

"పద్ధతేనమ్మా" అని హిసాషి చేతికున్న పట్టీ విప్పి ఆమె చేతిలో పెట్టాడు.

"వచ్చే ఏడు మళ్లీ కట్టుకుందురు గానీ."

"చూద్దాం" అన్నాడు. తొబిటా డప్పు సర్దుతున్నట్టు నటిస్తూ అటు తిరిగి నిలబడ్డాడు. ఎకసెక్కం ఒక్కటీ ఆడలేదు. అదే అన్నిటికన్నా కష్టంగా తోచింది హిసాషికి.

ఆ తర్వాతి ఆదివారాలు మిగతా ఆరు రోజుల్లాగే గడిచాయి. రేవు గట్టు మీద కూర్చుని ఇబుకి పాట ఊదేవాడు. ఖాళీ దగ్గర ఆగేవాడు. తట్టేవాడు లేడు. తలుపు కొట్టి, తీసేవాళ్ల కోసం బయట నిలబడ్డట్టు ఉండేది. రెండో చరణం నోటికొచ్చేది కాదు. తన పిడికిట్లో భద్రంగా ఉందనుకున్న సుమియె అక్కడ లేదని అతనికి మెల్లగా తెలిసివచ్చింది. ఆమె ఉన్నది జనం గొంతుల్లో, బ్యాటు పట్టుకుని భయంగా నిలబడ్డ ఏదో ఒక కుర్రాడి చెవుల్లో. తన ఒక్కడి కోసం తనొక్కడే ఊదుకుంటే ఆమె రాదు. ఆ సంగతి తెలిసిన రోజున గట్టు మీద కూర్చుని చిన్నపిల్లాడిలా ఏడ్చాడు.

మర్నాడు పళ్ల డాక్టరు దగ్గరికి వెళ్లి, వరసలో పళ్లు బాగులేనివాళ్ల మధ్య కూర్చున్నాడు. రియో బయటికి రాగానే లేచాడు.

"ఆ బాణీ కొగురెకి ఇచ్చేయండమ్మా."

"మాటలు మార్చాలి బాబాయ్... మీకు పర్లేదా?"

"మార్చండి. ఖాళీ మాత్రం తీసేయకండి."

ఆగస్టులో హిసాషి టికెట్టు కొనుక్కుని, మేళానికి చాలా దూరంగా, మామూలు చొక్కాతో కూర్చున్నాడు. కొగురె బ్యాటు పట్టుకుని వచ్చాడు. మెడ సన్నగా ఉన్న కుర్రాడు, హెల్మెట్ ఊరికే సర్దుకుంటున్నాడు. ఐదు ట్రంపెట్లు లేచాయి. తొబిటా డప్పు పడింది. "పరుగెత్తు కొగురే, ఆకాశం నీదే" అని కుడి వైపు మెట్లన్నీ ఒక్కటై పాడాయి. హిసాషీ పాడాడు. ఊరంతా ఒక దారి, ఉలిపికట్టెది ఒక దారి. అంత హోరులో అతను పాడుతున్నవి పాత మాటలని పక్కనున్నవాడికి కూడా వినపడలేదు.

ఖాళీ వచ్చింది. ఆ కుర్రాడికి పలక తట్టే అలవాటు లేదు. జనం ఆ రెండు దెబ్బల చోటును "కొగురే! కొగురే!" అన్న కేకలతో నింపేశారు. హిసాషి మాత్రం నోరు మూసుకుని, మోకాలి మీద వేలితో రెండుసార్లు తట్టాడు. ఆ తర్వాత రెండో చరణం అందుకున్నాడు.

"నీ కోసం ఒకరం కూర్చునే ఉన్నాం."